బీడీలు ఆపు, పొలానికి రా: లైసెన్సు కాగితం ఎవరి వైపు?



లా చదివే మన పిల్లలు 'చింతామన్ రావు వర్సెస్ మధ్యప్రదేశ్ రాష్ట్రం' కేసును 'సహేతుకమైన ఆంక్ష' అనే రెండు మాటలతో గుర్తుపెట్టుకుంటారు. పరీక్షకి అది చాలు, ఉద్యమానికి చాలదు. నేను ఆ తీర్పును కూలోళ్ల చరిత్రగా చదువుతాను.

1948లో సెంట్రల్ ప్రావిన్సెస్ అండ్ బేరార్‌లో బీడీల తయారీ మీద ఒక చట్టం వచ్చింది. దాని ప్రకారం డిప్యూటీ కమిషనర్ కొన్ని ఊళ్ల పేర్లు రాసి, ఫలానా నెలలు వ్యవసాయ సీజన్ అని ప్రకటించొచ్చు. ఆ నెలల్లో ఆ ఊళ్లలో ఎవరూ బీడీలు చుట్టకూడదు, ఏ యజమానీ ఎవరికీ బీడీల పని ఇవ్వకూడదు. ఎందుకంటే బీడీలు చేసే ప్రాంతాల్లో పొలం పనికి కూలీలు సరిపడా దొరకాలట! చట్టం తన ఉద్దేశం అదేనని దాచకుండా చెప్పుకుంది.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగండి. కూలీలు దొరక్కపోతే కూలి పెంచాలి. ఈ చట్టం ఆ పని చెయ్యలేదు, కూలీకి ఉన్న రెండో దారి మూసేసింది. నీడపట్టున కూర్చుని నాలుగు డబ్బులు తెచ్చుకునే పని ఉంటే, కూలి మాట్లాడేటప్పుడు 'రాను' అనే ధైర్యం వస్తుంది. చట్టం దెబ్బ కొట్టింది ఆ ధైర్యం మీదే. 1948 నవంబర్ 4న బాబాసాహెబ్ రాజ్యాంగ సభలో ఊరిని నమ్ముకోవద్దని ఎందుకు హెచ్చరించాడో తెలియాలంటే అదే ఏడాది వచ్చిన ఈ చట్టం చూడండి.

1950 జూన్‌లో సాగర్ జిల్లా డిప్యూటీ కమిషనర్ ఉత్తర్వు ఇచ్చాడు. ఒక బీడీ యజమాని, ఒక ఉద్యోగి సుప్రీంకోర్టుకు వెళ్లారు. రాజ్యాంగం అమల్లోకి వచ్చి అప్పటికి ఏడాది కూడా కాలేదు. ఆ నవంబర్‌లో జస్టిస్ మహాజన్ తీర్పు రాశాడు: ఈ నిషేధం ఆర్టికల్ 19(1)(జి) ఇచ్చిన వృత్తి హక్కుకు విరుద్ధం. పొలం పని చేయలేని ముసలివాళ్లు, పిల్లలు, ఆడవాళ్లు, రోగులు కూడా బీడీలతో పొట్టపోసుకుంటున్నారు, వాళ్లనెందుకు ఆపారని కోర్టు అడిగింది.

మంచి తీర్పే. కానీ పొలాలకు కూలీలను సమకూర్చాలన్న ఉద్దేశాన్ని కోర్టు తప్పుపట్టలేదు. వేసిన ఆంక్ష మోతాదు మించిందని మాత్రమే అంది. తీర్పులో కులం అనే మాటే లేదు. పొలం ఎవరిది, అందులో వంగి పనిచేసే నడుము ఎవరిది అని ఎవరూ అడగలేదు. అది మనం అడగాలి.

ఇప్పుడు కథ తిరగబడుతుంది. 1966లో పార్లమెంటు బీడీ, సిగార్ కార్మికుల చట్టం చేసింది. లైసెన్సు లేకుండా బీడీ కార్ఖానా నడపకూడదు. లైసెన్సు ఇచ్చే ముందు అధికారి ఆ జాగా పనికొస్తుందా, కార్మిక చట్టాల ఖర్చు భరించే స్తోమత ఉందా, అడిగేవాడు అసలు యజమానా లేక బినామీనా అని చూడాలి. ఇంట్లో చుట్టే మనిషి కూడా కార్మికురాలే అని చట్టం గుర్తించింది. యజమానులు కోర్టుకెక్కారు. వాళ్లు పట్టుకున్నది కూడా అదే ఆర్టికల్ 19(1)(జి)! 1974లో మంగళూరు గణేశ్ బీడీ వర్క్స్ కేసులో సుప్రీంకోర్టు చట్టాన్ని నిలబెట్టింది.

హక్కు ఒకటే. 1950లో అది చుట్టే చేతికి అడ్డుగా నిలిచింది, తర్వాత చుట్టించే చేతికి ఆయుధం కాబోయింది. అందుకే 'లైసెన్సు రాజ్ పోవాలి' అనే నినాదం విన్నప్పుడల్లా నేను ఏ లైసెన్సు అని అడుగుతాను. మనల్ని ఆపేదా, యజమానిని పట్టిచ్చేదా?

నిజామాబాద్, కామారెడ్డి, సిరిసిల్లలో చాట ఒళ్లో పెట్టుకుని తునికాకు కత్తిరించే అక్కలకు ఇది పాత కథ కాదు. ఆకు, తంబాకు ఇచ్చేది టేకేదారు. లైసెన్సు, రిజిస్టరు లేకపోతే పీఎఫ్ దగ్గర, పింఛను దగ్గర అసలు కంపెనీ ఆ టేకేదారు వెనక దాక్కుంటుంది. ఆ 1966 చట్టాన్ని 2020 నాటి వృత్తి భద్రత కోడ్ మరో 12 చట్టాలతో పాటు తనలో కలిపేసుకుంది.

విద్యార్థి మిత్రులారా, ఆ కోడ్‌ను, పాత చట్టాన్ని పక్కపక్కన పెట్టి చదవండి. ఇంట్లో చుట్టే అక్కకు ఏది మిగిలింది, ఏది జారిపోయింది? రాసుకుని ఆమె దగ్గరికి వెళ్లి చెప్పండి.

జై భీమ్.