నిషేధాలను దాటుకొచ్చిన డంగ్‌డుట్

డంగ్‌డుట్ ఇండొనేషియాలో సామాన్యుల సంగీతం. పెళ్లిళ్లలో, రాత్రి బస్సుల్లో, ఎన్నికల సభల్లో మోగేది ఇదే. ఓర్కెస్ మెలాయు అనే మలయ్ వాద్యబృందాల నుంచి ఇది పుట్టింది. అందులో అరబ్బు బాణీల ఛాయలున్నా, హిందీ సినిమా పాట ప్రభావమే బలమైనది. 1950లలో హిందీ చిత్రాలకు అక్కడ మంచి ఆదరణ దొరకడంతో, బృందాలు ఆ వరసల్లోనే సొంత మాటలు కట్టుకున్నాయి. గాయని ఎల్యా ఖదమ్ పాడిన 'బోనెకా దారి ఇండియా' (ఇండియా బొమ్మ) ఆనాటి పాటే. తబలా జతను పోలిన గెండాంగ్ ఈ సంగీతానికి ఆయువుపట్టు. దాని మోతను వెక్కిరిస్తూ పుట్టిన డంగ్‌డుట్ అన్న పేరు 1970లలో స్థిరపడింది.

ఆ లోపు పాశ్చాత్య సంగీతం మీద ఒక యుద్ధం నడిచి ముగిసింది. అధ్యక్షుడు సుకర్ణో ప్రభుత్వం 1965లో బీటిల్స్ పాటలు వాయించినందుకు కూస్ బెర్సౌదరా బృందాన్ని జైల్లో పెట్టింది. అతడి తర్వాత అధ్యక్షుడైన సుహార్తో రాకతో తలుపులు తెరుచుకుని రాక్ సంగీతం వెల్లువెత్తింది. తాసిక్‌మలాయాలో 1946లో పుట్టిన రోమా ఇరామా ఈ రాక్‌నూ, డంగ్‌డుట్‌నూ కలిపాడు. 1970లో సొనేటా బృందాన్ని స్థాపించి, గెండాంగ్ పక్కన రాక్ బృందం డీప్ పర్పుల్ తరహా ఎలక్ట్రిక్ గిటారును నిలబెట్టాడు. 1973లో తమది ముస్లింల గొంతుక అని ప్రకటించాడు. అతడి పాటల్లోని నీతిబోధకు ఇంత గిరాకీ ఉంటుందని వ్యాపారులెవరూ ఊహించి ఉండరు. తానే హీరోగా నటించిన సినిమాలతో ఆ గిరాకీ మరింత పెరిగింది.

1977, 1982 ఎన్నికల్లో అతడు పాలకపక్షమైన గోల్కార్‌కు ఎదురునిలిచి, ఇస్లామిక్ పార్టీ పీపీపీ తరఫున ప్రచారం చేశాడు. అప్పట్లో దేశంలో ఉన్నది టీవీఆర్ఐ అనే ప్రభుత్వ చానల్ ఒక్కటే. అది 1988 దాకా, దాదాపు పదకొండేళ్లు, అతణ్ణి తెరమీదకు రానివ్వలేదు. అయినా జనానికి దూరం చేయలేకపోయింది. క్యాసెట్లు, సినిమా రీళ్లు ఊరూరికీ చేరాయి.

1998లో సుహార్తో గద్దె దిగాడు. అప్పటికే తూర్పు జావాలో కొప్లో అనే వేగమైన డంగ్‌డుట్ ఊపందుకుంది. ఊళ్ల వేదికల మీది ప్రదర్శనలను వీడియో తీసి వీసీడీలుగా అమ్మేవారు. వాటికి దొంగ కాపీలు లెక్కలేనన్ని. పసురువాన్ ప్రాంతపు గాయని ఇనుల్ దరతిస్తా ఆ కాపీల ద్వారానే దేశమంతా తెలిసింది. బరమాలా నడుము తిప్పే ఆమె నాట్యం 2003లో టీవీకెక్కేసరికి మతపెద్దలు మండిపడ్డారు. అందరికంటే గట్టిగా అభ్యంతరం చెప్పినవాడు రోమా ఇరామా. తన డంగ్‌డుట్ కళాకారుల సంఘంలోని వారి పాటలు ఆమె పాడరాదన్నాడు. ఒకప్పుడు తెరకు దూరమై పదకొండేళ్లు గడిపిన మనిషే మరొకరి దారికి అడ్డునిలవడం ఈ చరిత్రలో మింగుడుపడని ఘట్టం. మాజీ అధ్యక్షుడు, ముస్లిం పండితుడు కూడా అయిన అబ్దుర్రహ్మాన్ వాహిద్ ఆమెను వెనకేసుకొచ్చాడు. ఈ రగడ తర్వాత అశ్లీలత వ్యతిరేక బిల్లు మీద సాగిన చర్చలు 2008లో చట్టానికి దారితీశాయి.

వీసీడీ చేసిన పనిని తర్వాత యూట్యూబ్ అందుకుంది. 2010లో బాండుంగ్ విద్యార్థినులిద్దరు 'కియోంగ్ రాచున్' అనే డంగ్‌డుట్ పాటకు పెదవులు కదిపి దేశాన్ని నవ్వించారు. మరుసటి ఏడు గొరొంతాలోలో ఒక పోలీసు యూనిఫాంలోనే 'ఛయ్య ఛయ్య'కు అభినయించి రాత్రికి రాత్రి ప్రసిద్ధుడయ్యాడు. హిందీ పాట మీద మోజు తగ్గలేదన్నమాట. వరసలు అరువు తెచ్చుకునే అలవాటూ పోలేదు: గాయని వియా వాలెన్‌కు పేరు తెచ్చిన 'సయాంగ్' బాణీ జపనీస్ బృందం కిరోరోది. కొప్లో వేదికల నుంచి వచ్చిన ఈమే 2018 జకార్తా ఆసియా క్రీడల ప్రారంభోత్సవంలో అధికారిక గీతం పాడింది.

2022 ఆగస్టు 17న, స్వాతంత్ర్య దినోత్సవం నాడు, ఆన్‌లైన్ వీడియోలతో పేరు తెచ్చుకున్న బాన్యువాంగి బాలుడొకడు అధ్యక్ష భవనంలో జావా భాషలో కొప్లో పాట పాడాడు. అధ్యక్షుడు జోకో విడోడో ఎదుటే మంత్రులు లేచి చిందులేశారు.