భీష్మ ప్రతిజ్ఞ ఏమైంది?

'భీష్మ ప్రతిజ్ఞ' 1921లో మద్రాసులో తయారైన మూకీ. మూకీకి భాష లేదు గనుక తెలుగు చిత్రమనడం కంటె తెలుగువారి తొలి చిత్రమనడం సబబు. నిర్మాత రఘుపతి వెంకయ్యగారిది బందరు. మద్రాసులో ఫొటోలు తీస్తూ, ఆపైన బొమ్మల యంత్రంతో బర్మా, సింహళం తిరిగి, మౌంటు రోడ్డులో గెయిటీ థియేటరు కట్టించారు. కుమారుడు ప్రకాశ్ లండన్‌లో పని నేర్చుకొచ్చి, దర్శకత్వం వహించి, భీష్ముడి వేషమూ తానే కట్టారు.

ఆ చిత్రం ప్రతి ఇప్పుడు లేదు. ఆనాటి నైట్రేటు ఫిల్ము నిప్పు సోకితే భగ్గుమనేది, ఊరికే ఉంచినా పొడి అయ్యేది. 1931లో టాకీలు వచ్చాక మూకీలను అడిగేవారే లేరు. వెండి కోసం కరిగించినవీ ఉన్నాయి. పుణేలో ఫిల్మ్ ఆర్కైవు వెలసింది 1964లో! దేశంలో తీసిన సుమారు 1300 మూకీలలో తునకలతో సహా 30 కూడా మిగలలేదు.

దక్షిణాదిన దక్కినది 1933 నాటి 'మార్తాండ వర్మ'. ఎలా దక్కిందంటారా? నవల హక్కుల కోసం ప్రచురణకర్తలు దావా వేశారు. ఆట ఆగింది, ప్రతి వారి గిడ్డంగిలో పడి ఉండి 1974లో పుణే చేరింది. ఆడిన బొమ్మలు అరిగిపోయాయి, కోర్టు ఆపిన బొమ్మ బతికింది.

మీ ఊరి పాత టూరింగు టాకీసు వారి అటక మీద తుప్పు పట్టిన ఫిల్ము డబ్బాలుంటే, దీపం దగ్గరకు తేకండి, పారేయకండి. పుణే ఆర్కైవుకు ఒక ఉత్తరం రాయండి.