బేరారు తాకట్టు నుండి నాగారం కిస్తు దాకా

ఈ వ్యాసం రాయాలన్న ఆలోచన మాకు పుస్తకాలు చూసి కలగలేదు. ఒక ఆదివారం పొద్దున మా సభ్యులొకరు గుడ్డసంచీలో ఇంటి కాగితాలు వేసుకుని నాగారంలో మా సొసైటీ గదికి వచ్చినారు. ఆయనది నాచారంలో ఫ్యాక్టరీ వుద్యోగం. 2021లో, తన 44వ ఏట, నాగారంలో ఇల్లు కొనడానికి ఒక బ్యాంకులో 30 లక్షల అప్పు తీసుకున్నారు. ఇరవై ఏండ్ల గడువు, ఏడాదికి నూటికి 7 రూపాయల మిత్తి. రెండేండ్లు ఒక్క కిస్తు తప్పలేదు. 2023లో లెక్క కాగితం తెప్పించుకుని చూస్తే మిగిలిన కిస్తులు తగ్గడానికి బదులు రెట్టింపు దాటి వున్నాయి. "సదర్ సాబ్, నేనెక్కడ తప్పు చేసిన?" అని అడిగినారు.

ఆయన తప్పేమీ చేయలేదు. ఆ లెక్క ఎట్లా వచ్చిందో చివర చెప్తాము. ముందుగా పాఠకులను కొంచెం వెనక్కి, నిజాముల కాలానికి, తీసుకుపోవలసి వుంది. ఇంటి అప్పుకూ నిజాముల చరిత్రకూ సంబంధం ఏమిటని అడగవచ్చు. సంబంధం వుంది. తాకట్టు అసలు ఖరీదు ఎక్కడ దాక్కుంటుందో హైదరాబాదు సంస్థానం చూసినంత దగ్గరగా చూసినవారు తక్కువ. మనవాళ్ళు ఆ పాఠానికి ఫీజు కూడా బాగానే కట్టుకున్నారు.

సికందర్ జా పాలనలో, 1814లో, హైదరాబాదులో విలియం పామర్ కంపెనీ అనే వ్యాపార సంస్థ వెలిసింది. నిజాం ప్రభుత్వంలో వ్యవహారాలన్నీ నడిపినవాడు రాజా చందూలాల్. ఇంగ్లీషు అధికారుల కింద వున్న పటాలానికి జీతాలు ఇవ్వాలి, ఖజానాలో డబ్బు లేదు. పామర్ కంపెనీ అప్పు ఇచ్చేది. వడ్డీ నూటికి 24, 25. మన వాడుకలో చెప్పాలంటే నూటికి రెండు రూపాయల మిత్తి. దేశీ రాజులకు తెల్లవారు అప్పులివ్వకూడదని 1797 నాటి చట్టం అడ్డు వుంటే, 1816లో గవర్నర్ జనరల్ హేస్టింగ్స్ ఈ సంస్థకు మినహాయింపు ఇచ్చినాడు. ఆయన పెంచిన అమ్మాయి భర్త విలియం రంబోల్డ్ ఆ సంస్థలోనే భాగస్వామి అని చదివితే మినహాయింపు ఎందుకు వచ్చిందో వేరే చెప్పనక్కరలేదు.

1820లో పాత బాకీలు తీర్చడానికని 60 లక్షల కొత్త అప్పు పుట్టింది. అదే ఏడు రెసిడెంటుగా వచ్చిన చార్లెస్ మెట్కాఫ్ లెక్కలు తవ్వినాడు. అందులో 8 లక్షలు ఖజానాకు చేరిన సొమ్మే కాదు, బోనస్ పేరుతో సంస్థవారు అప్పులో కలుపుకున్నది. పాత అప్పును కొత్త అప్పుతో తీర్చడం, మధ్యలో ఒక ఖర్చు తగిలించడం అప్పటినుంచీ వున్నదే.

చివరికి ఈస్టిండియా కంపెనీయే డబ్బిచ్చి పామర్ బాకీ తీర్పించింది. వూరికే ఇవ్వలేదు. ఉత్తర సర్కారుల కోసం, అంటే శ్రీకాకుళం నుండి గుంటూరు దాకా వున్న కోస్తా జిల్లాల కోసం, కంపెనీ ఏటా 7 లక్షల రూపాయల పేష్కష్ నిజాముకు కడుతూ వుండేది. ఒక్కసారిగా 1,16,66,666 రూపాయలు ఇచ్చి ఆ పేష్కష్‌ను శాశ్వతంగా రద్దు చేయించుకున్నది. ఈ వింత అంకె ఎక్కడిది? నూటికి 6 వడ్డీ మీద ఏటా 7 లక్షలు రావాలంటే ఎంత అసలు కావాలో భాగహారం చేసి చూడండి, అణా పైసలతో సహా సరిపోతుంది. నిజాము అప్పు తెచ్చింది నూటికి 24 లెక్కన, అది తీర్చడానికి తన శాశ్వత ఆదాయాన్ని అమ్మింది నూటికి 6 లెక్కన. పామర్ కంపెనీ 1824లో దివాలా తీసింది. పేష్కష్ మాత్రం తిరిగి రాలేదు.

అంతకన్నా పెద్దది బేరారు కథ.

పటాలం ఖర్చు ఆగలేదు. ఆ పటాలానికే హైదరాబాదు కంటింజెంటు అని పేరు. నిజాము కట్టలేకపోతే కంపెనీ తన ఖజానా నుండి జీతాలిచ్చి నిజాము పేర బాకీ రాసుకున్నది. ఆ బాకీ 40 లక్షలు దాటిందని చెప్పి 1853లో బేరారును, దానితోపాటు రాయచూరు, ధారాసేవు ప్రాంతాలను కంపెనీ తన అధీనంలోకి తీసుకున్నది. ఇది మన పల్లెల్లోని స్వాధీన తాకట్టు వంటిదే. భూమి అప్పిచ్చినవాడు దున్నుకుంటాడు, పంట వాడు కోసుకుంటాడు, ఖర్చు వాడే రాస్తాడు, మిగిలితే ఇస్తానంటాడు. మిగులు ఎంతో తేల్చేదీ వాడే. ఆ సంవత్సరమే దివాన్ అయిన సాలార్‌జంగ్‌కు మొదటి వారసత్వం ఇదే.

ఇక్కడ ఒక సంగతి నొక్కి చెప్పాలి. సికింద్రాబాదు, జాల్నా కంటోన్మెంట్లలో వసూలయ్యే ఆబ్కారీ పన్ను న్యాయంగా నిజాముకు రావలసింది. దాన్ని కంపెనీ తన దగ్గరే వుంచుకున్నది. ఆ సొమ్ము జమ కట్టి ఇరువైపులా లెక్క సరిగా చూసి వుంటే, 43 లక్షల బాకీ మీద తమకు న్యాయమైన హక్కే వుండేది కాదని తరవాత రెసిడెంటుగా వున్న కర్నల్ డేవిడ్‌సన్ తన పై అధికారులకు రాసినాడు. అప్పటికి తాకట్టు జరిగిపోయింది.

1860 ఒప్పందంలో 50 లక్షల బాకీ మాఫీ అయింది. రాయచూరు, ధారాసేవు తిరిగి వచ్చినాయి. బాకీ లేదు గదా, బేరారు కూడా రావాలె. రాలేదు. పటాలం ఖర్చుకు హామీగా అది వారి దగ్గరే వుండిపోయింది. పైగా ఆ జిల్లాల రాబడి ఖర్చుల లెక్క గతానిది గాని, ఇకముందుది గాని అడగబోమని ఒప్పందంలో రాయించుకున్నారు. మాకు ఈ ఒక్క వాక్యం వడ్డీ రేటుకన్నా ఖరీదైనదిగా కనిపిస్తుంది. బాకీదారుడు లెక్క అడిగే హక్కునే వదులుకున్నాడు. పటాలం ఖర్చుకు సరిపడే మూలధనమే జమ కడతాము, బేరారు ఇచ్చేయండి అని సాలార్‌జంగ్ 1870లలో అడిగినాడు, 1876లో లండను వెళ్ళినప్పుడూ ఆ ఆశ వదలలేదు. వినలేదు. 1902లో కర్జన్ వచ్చి ఏడాదికి 25 లక్షల కౌలు మీద బేరారును శాశ్వతంగా రాయించుకున్నాడు. ఏడవ నిజాము 1923లో మళ్ళీ అడిగితే 1926లో వైస్రాయి రీడింగ్ కాదని గట్టిగా జవాబిచ్చినాడు. 1936లో బేరారు మీద నిజాము సార్వభౌమత్వం పేరుకు ఒప్పుకుని, యువరాజుకు 'ప్రిన్స్ ఆఫ్ బేరార్' అనే బిరుదు ఇచ్చినారు. భూమి పోయి బిరుదు మిగిలింది.

రాజుల సంగతి అట్లా వుంచితే, సామాన్యుల ఇళ్ళ తాకట్టు నగరంలో 'రెహన్' పేరుతో నడిచేది. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం, దస్తావేజులు అప్పిచ్చినవాడి దగ్గర పెట్టి చేసే తాకట్టును కొన్ని పట్టణాలకే అనుమతించి, తరవాత ఎన్నో వూళ్ళకు విస్తరించింది. ఈనాడు బ్యాంకులో మనం చేసేది ఎక్కువగా అదే. హిందూ ధర్మశాస్త్రంలో దామ్‌దుపట్ అనే నియమం వుండేది. ఒక్కసారిగా వసూలు చేసే వడ్డీ అసలును మించకూడదు. నెలనెలా కట్టే కిస్తుకు అది అక్షరాలా వర్తించదు, అయినా ఆ హద్దు పెట్టినవారికి కాలం చేసే పని తెలుసు. వడ్డీ లేని అప్పుల సంఘాలు హైదరాబాదు వుద్యోగులలో ఎట్లా నడిచినాయో మన నగరంలో పుట్టి పారిస్‌లో స్థిరపడిన డాక్టర్ హమీదుల్లా 1955లో ఒక వ్యాసంలో రాసినారు. ఉస్మానియాలో అర్థశాస్త్ర శాఖాధిపతిగా వున్న అన్వర్ ఇక్బాల్ ఖురేషీ 1946లో వడ్డీ సిద్ధాంతం మీదనే పుస్తకం వేసినారు. వడ్డీ గురించిన ధర్మనిర్ణయం చెప్పవలసినవారు ఉలమాలు. మేము చెప్తున్నది లెక్క మాత్రమే.

ఇరవై, ముప్పై ఏండ్ల ఇంటి అప్పు అనేది నిజానికి కొత్త వస్తువు. 1775లో ఇంగ్లండులోని బర్మింగ్‌హాంలో పుట్టిన కెట్లీ సంఘం వంటివి మన చీటీల వంటివి. అందరికీ ఇళ్ళు అయ్యాక మూసేసేవారు. అమెరికాలో 1930ల దాకా ఇంటి అప్పు కొద్ది ఏండ్లదే. 1934లో ప్రభుత్వం బీమా హామీ మొదలుపెట్టిన తరవాతనే దీర్ఘకాలపు నెలసరి కిస్తు వాడుకైంది. మన దేశంలో 1977లో హెచ్.డి.ఎఫ్.సి., 1988లో నేషనల్ హౌసింగ్ బ్యాంకు వచ్చినాయి. అంతకుముందు నుంచీ కేంద్ర ప్రభుత్వోద్యోగులకు ఇంటి అడ్వాన్సు వుంది. దాంట్లో ఒక ముచ్చట చాలామంది గమనించరు. ముందు 180 కిస్తుల లోపల అసలంతా వసూలు చేసి, ఆ తరవాతే 60 కిస్తుల లోపల వడ్డీ తీసుకుంటారు. అదీ బారువడ్డీయే, చక్రవడ్డీ కాదు. మన చుట్టుపక్కల న్యూక్లియర్ ఫ్యూయల్ కాంప్లెక్సు వంటి కేంద్ర ప్రభుత్వ కొలువులున్నవారి పాత ఇళ్ళ వెనక ఈ పద్ధతి వుంది. బ్యాంకు పద్ధతి దీనికి తిరగేసిన గుడ్డ వంటిది. ముందు వడ్డీ, మిగిలితే అసలు.

నాగారం మొన్నమొన్నటి దాకా గ్రామ పంచాయతీ, మునిసిపాలిటీ అయింది 2018లో. ఇ.సి.ఐ.ఎల్., చర్లపల్లి, మౌలాలి, నాచారం ఫ్యాక్టరీలలో పనిచేసేవారు ముందు ప్లాటు కొని, పదేండ్లు ఆగి, చీటీ ఎత్తి గోడలు, పండుగ బోనసుతో కప్పు వేసుకున్న వూరు ఇది. అట్లా కట్టిన ఇంటికి సున్నం వెయ్యడం ఆలస్యమైంది గాని కాగితం పెట్టెలోనే వుండేది. ఇప్పుడు ఇల్లు ఒక్కరోజులో వస్తుంది, కాగితం ఇరవై ఏండ్లకు.

ఇక మా సభ్యుని లెక్కకు వస్తాము. 30 లక్షలు, 7 శాతం, 240 నెలలు. కిస్తు 23,259 రూపాయలు. మొదటి నెల అందులో 17,500 వడ్డీ, అసలుకు పోయింది 5,759. ఇరవై ఏండ్లలో మొత్తం కట్టేది 55 లక్షల 82 వేలు. సగం అసలు తీరేసరికి 13 ఏండ్లు దాటుతుంది. ఇదే అప్పును ముప్పై ఏండ్లకు పెట్టుకుంటే కిస్తు 3,300 తగ్గుతుంది, మొత్తం వడ్డీ 16 లక్షలు పెరుగుతుంది. ఆఫీసులో చెప్పేవారు మొదటి అంకె చెప్తారు, రెండోది అడిగితేనే చెప్తారు.

రెండేండ్లలో ఆయన 5 లక్షల 58 వేలు కట్టినారు. అసలు తగ్గింది లక్షా 48 వేలు. ఇంతలో 2022 మే నుండి 2023 ఫిబ్రవరి లోపల రిజర్వు బ్యాంకు రెపో రేటు 4 నుండి 6.50కి పెంచింది. ఆయన అప్పు మారే వడ్డీ మీద వున్నది కనుక మిత్తి 9.5 అయింది. దశలవారీగా పెరిగిందనుకోండి, సులువు కోసం ఒక్కసారే పెరిగినట్టు లెక్కవేసినాము. కిస్తు మాత్రం బ్యాంకువారు పెంచలేదు. పెంచకపోవడం మేలనుకున్నారు ఆయన. 28 లక్షల 52 వేల బాకీ మీద నెల వడ్డీయే 22,579. కట్టేది 23,259. అసలుకు పోయేది 680 రూపాయలు. అట్లాగే నడిస్తే మిగిలిన 216 కిస్తులు సుమారు 448 అవుతాయి. అంటే 37 ఏండ్ల పైన. 46 ఏండ్ల మనిషి 83వ ఏట బాకీ తీరుస్తాడు. కట్టే మొత్తం ఇంకో కోటీ 4 లక్షలు.

ఆయన కాసేపు మాట్లాడలేదు. తరవాత, ఫోనులో మెసేజి వచ్చిందట గాని అది ప్రకటన అనుకుని తుడిచేసినానని చెప్పినారు. మేమూ అట్లాగే చేసి వుండేవాళ్ళం.

విరుగుడు కూడా ఆ లెక్కలోనే వుంది. పాత గడువే వుంచమని అడిగితే కిస్తు 27,606 అవుతుంది. నెలకు 4,347 ఎక్కువ. మొత్తం మీద 44 లక్షలకు పైగా తక్కువ. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు, రేటు మారినప్పుడు కిస్తు పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా అని బాకీదారునికే ఎంపిక ఇవ్వాలనీ, మారిన లెక్క తెలపాలనీ ఆదేశించింది. మారే వడ్డీ మీద వ్యక్తులు తీసుకున్న ఇంటి అప్పు ముందుగా తీర్చినందుకు బ్యాంకులు జరిమానా వేయకూడదన్నది 2012 నుండే వుంది. 2023 సెప్టెంబరు ఆదేశం ప్రకారం బాకీ తీరిన 30 రోజుల్లో దస్తావేజులు ఇవ్వాలి, తమ వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 చొప్పున బాకీదారునికి చెల్లించాలి. సాలార్‌జంగ్‌కు ఇటువంటి కాగితం ఒక్కటి వుంటే బాగుండేది.

ఆయన అర్జీ పెట్టినారు. మొదటిసారి బ్యాంకువారు సిస్టంలో ఆ వీలు లేదన్నారు, రెండోసారి వెళ్తే వుందన్నారు. నాలుగు వేలు సర్దుకోవడానికి ఇంట్లో ఏం మానుకున్నారో మేము అడగలేదు. 2025 ఫిబ్రవరి నుండి జూను దాకా రెపో రేటు ఒక శాతం తగ్గినప్పుడు, ఈసారి కిస్తు తగ్గించమని అడగవద్దు, అట్లాగే కట్టండి అని మాత్రం చెప్పినాము. మొన్న మళ్ళీ అదే గుడ్డసంచీతో వచ్చినారు. లెక్క కాగితం మీద పెన్సిలుతో 2041 అని రాసి వుంది. దాన్ని కొట్టేసి పక్కన 2039 అని రాసుకున్నారు.