టోనీ సోప్రానో దారిలో మా ఊరి చరిత్ర

లింకన్ టన్నెల్‌లోంచి కారు బయటపడుతుంది. టర్న్‌పైక్ దగ్గర డ్రైవరు టోల్ టికెట్ తీసుకుంటాడు. ఆయిల్ ట్యాంకులు, చిత్తడి నేలలు, పులాస్కీ స్కైవే ఇనుప కమానులు, చర్చి శిఖరాలు ఒకదాని వెంట ఒకటి దాటిపోతాయి. ఆ తర్వాత చిన్న చిన్న కొట్లు, పక్కపక్కనే ఆనుకుని కట్టిన చెక్క ఇళ్లు. చివరికి కొండవాలు మీద ఒక పెద్ద ఇల్లు, దాని ముందు ఆగే కారు. ‘ది సోప్రానోస్’ సీరియల్ టైటిల్స్ మొత్తం ఇంతే. నిడివి ఒకటిన్నర నిమిషం. లోకమంతా దీన్ని ఒక మాఫియా నాయకుడు ఇంటికెళ్లే దారిగా చూసింది. జెర్సీ సిటీలో ఉంటున్న మాకు అది రోజూ తిరిగే దారి. నూట యాభై ఏళ్లుగా ఇక్కడికి వలస వచ్చినవాళ్లంతా మెట్టు మెట్టుగా ఎక్కిన దారి కూడా అదే.

ఈ సీరియల్ హెచ్‌బీఓలో 1999 జనవరి 10న మొదలై 2007 జూన్ 10న ముగిసింది. మొత్తం 86 ఎపిసోడ్లు. సృష్టికర్త డేవిడ్ చేజ్ క్లిఫ్టన్‌లో, నార్త్ కాల్డ్‌వెల్‌లో పెరిగాడు. ఆ మాఫియా నాయకుడు టోనీగా వేసిన జేమ్స్ గాండల్ఫీనీ పుట్టింది ఇదే రాష్ట్రంలోని వెస్ట్‌వుడ్‌లో. ఇంటి లోపలి దృశ్యాలు క్వీన్స్‌లోని సిల్వర్‌కప్ స్టూడియోలో తీశారు. ఒకప్పుడు అది బ్రెడ్డు కార్ఖానా. వీధులు, వంతెనలు, కొట్లు మాత్రం చాలావరకు న్యూజెర్సీవే. కథ మా ఊళ్లది కాబట్టి చేజ్ కెమెరాను మా ఊళ్లకే తెచ్చాడు. ఆ చోట్లు చూపించడానికి మన్‌హట్టన్ నుంచి టూరు బస్సు వస్తుంది. దాదాపు నాలుగు గంటల ప్రయాణం. గైడు సీరియల్లో ఎవరు ఎక్కడ నిలబడ్డారో, ఎవరు ఎక్కడ చచ్చిపోయారో చెబుతూ ఉంటాడు. అది ఆయన పని, బాగానే చెబుతాడు. కానీ కిటికీకి అవతల ఇంకో కథ ఉంది. ఈ ఊళ్లలో కాపురం ఉంటున్నవాళ్లం ఆ కథ చెప్పాలి.

ముందు స్కైవే సంగతి. పసాయిక్, హాకెన్‌సాక్ నదుల మీదుగా జెర్సీ సిటీని నూవార్క్‌తో కలిపే మూడున్నర మైళ్ల వంతెన ఇది. 1932లో తెరిచారు. కట్టేటప్పుడు పదిహేను మంది కార్మికులు ప్రాణాలు పోగొట్టుకున్నారు. అప్పట్లో జెర్సీ సిటీకి ఫ్రాంక్ హేగ్ మేయరు. 1917 నుంచి 1947 దాకా ముప్ఫై ఏళ్లు ఊరిని తన గుప్పిట్లో పెట్టుకున్న మనిషి. యూనియన్‌లో లేని కూలీలను పనిలో పెట్టారన్న గొడవ ముదిరి వీధి కొట్లాటలైంది, ఒక మనిషి ప్రాణం పోయింది. తర్వాత ఆ వంతెనకు అమెరికా స్వాతంత్ర్య యుద్ధంలో పోరాడిన పోలండ్ సేనాని పులాస్కీ పేరు పెట్టారు. 1934 నుంచి దాని మీదికి లారీలను రానివ్వడం లేదు. సీరియల్లో రెండు సెకన్లు కనిపించే ఆ ఇనుము వెనక ఇంత జరిగింది. కట్టుకథలోని యూనియన్ గొడవలు, కాంట్రాక్టుల పంపకాలు చేజ్ గాల్లోంచి తెచ్చినవి కావు. ఈ నేల మీద జరిగినవే.

టైటిల్స్ చూసేవాళ్లు గమనించాల్సింది ఇంకొకటి ఉంది. మొదటి మూడు సీజన్లలో కారు పక్క అద్దంలో వరల్డ్ ట్రేడ్ సెంటర్ జంట టవర్లు కనిపించేవి. 2001 సెప్టెంబర్ 11 తర్వాత, నాలుగో సీజన్ నుంచి, ఆ ముక్క తీసేశారు. జెర్సీ సిటీ నదీతీరంలో నిలబడి ఆ పొగ చూసినవాళ్లు మా వీధుల్లో ఇప్పటికీ ఉన్నారు.

బస్సు కార్నీలో ఆగుతుంది. టోనీ మనుషులు బయట కుర్చీలు వేసుకుని కూర్చునే సట్రియాలీ మాంసం కొట్టు ఇక్కడే, కార్నీ అవెన్యూ మీద, ఉండేది. ఆటో విడిభాగాలు అమ్మే పాత కొట్టుకు కొత్త బోర్డు పెట్టి షూటింగ్ కోసం తయారుచేశారు. సీరియల్ అయిపోయాక, 2007లోనే, ఆ భవనాన్ని కూల్చేశారు. నూవార్క్‌లో ఎమ్మెస్ చదవడానికి వచ్చిన మా అక్క కూతురు నాతో పాటు ఆ టూరుకు వచ్చింది. దిగి అటూ ఇటూ చూసి, “ఇక్కడేముంది మావయ్యా? కొట్టే లేదుగా!” అంది.

“కొట్టు అసలెప్పుడూ లేదమ్మా, బోర్డే ఉండేది. ఊరు మాత్రం అప్పుడూ ఉంది, ఇప్పుడూ ఉంది. అటు చూడు,” అని పడమటి వైపు వాలు చూపించాను.

ఆ వాలు దిగితే పసాయిక్ నది. ఒడ్డునే ఈస్ట్ నూవార్క్‌లో క్లార్క్ దారం మిల్లు ఎర్ర ఇటుక భవనాలు. క్లార్క్ కుటుంబానిది స్కాట్లండ్‌లోని పెయిజ్లీ. మిల్లుతో పాటు అక్కడి నేర్పరి పనివాళ్లూ వచ్చారు. 1880లలో కర్కాడీ నుంచి నెయిర్న్ కంపెనీ కార్నీలో లినోలియం ఫ్యాక్టరీ పెడితే ఇంకా ఎందరో స్కాట్లు దిగారు. షిఫ్టు దిగాక వాళ్లు ఆడిన ఆట ఫుట్‌బాల్. మిల్లు కంపెనీ తయారుచేసిన ఓఎన్‌టీ దారం పేరే వాళ్ల జట్టు పేరు. 1885 నవంబర్‌లో ఆ మిల్లు మైదానంలోనే అమెరికా, కెనడా జట్లు తలపడ్డాయి. కెనడా 1-0తో గెలిచింది. బ్రిటన్ దీవులకు వెలుపల రెండు దేశాల జట్లు ఆడిన తొలి ఫుట్‌బాల్ మ్యాచ్‌లలో దానికి చోటుంది. ఆ తర్వాత కార్నీ స్కాట్స్ జట్టు 1937 నుంచి 1941 దాకా వరసగా అయిదేళ్లు అమెరికన్ సాకర్ లీగ్ గెలిచింది. 1994 ప్రపంచ కప్‌లో అమెరికాకు ఆడిన టోనీ మియోలా, జాన్ హార్క్స్ కార్నీ కుర్రాళ్లే. ఇప్పుడా వీధుల్లో స్కాట్ల చేపల కొట్ల పక్కనే పోర్చుగీసు బేకరీలు, పెరూ భోజనశాలలు ఉన్నాయి. మా మేనకోడలు బస్సెక్కి కూర్చున్నాక, “గైడు ఇది చెప్పలేదేం?” అని అడిగింది. నేను ఈ వ్యాసం రాయడానికి ఆ ప్రశ్న కూడా కారణం.

లోడైలో, రూట్ 17 పక్కన, సీరియల్లో ‘బడా బింగ్’గా చూపించిన క్లబ్బు దగ్గర జనం ఫొటోలు తీసుకుంటారు. అక్కడ చెప్పుకోవాల్సింది పెద్దగా లేదు.

బ్లూమ్‌ఫీల్డ్‌లోని హోల్‌స్టెన్స్ సంగతి వేరు. అది సెట్టింగు కాదు, నిజమైన కొట్టు. 1939 నుంచి ఐస్‌క్రీమ్, మిఠాయిలు సొంతంగా చేసి అమ్ముతున్నారు. గాజు అల్మరాల్లో చాక్లెట్లు, లోపల ఎత్తయిన వీపున్న చెక్క బెంచీలు, పలకరించి ఆర్డరు తీసుకునే కుర్రాళ్లు. బడి వదిలాక పిల్లలు, చర్చి అయ్యాక ముసలివాళ్లు వచ్చి కూర్చునే చోటు. చివరి ఎపిసోడ్ చివరి దృశ్యం 2007లో ఇక్కడే తీశారు. టోనీ, భార్య, కొడుకు ఉల్లిపాయ చక్రాలు తింటూ కూతురి కోసం ఎదురుచూస్తుంటారు. తలుపు గంట మోగుతుంది, తెర నల్లబడుతుంది. ఆ తర్వాత ఏమైందన్న వాదన ఇప్పటికీ తెగలేదు. ఆ కుటుంబం కూర్చున్న బూత్ కోసం జనం ఏళ్ల తరబడి వరస కట్టారు. చెక్క అరిగిపోయి, మరమ్మతుకు లొంగకుండా అయ్యాక యజమానులు దాన్ని 2024లో వేలానికి పెట్టారు. 82,600 డాలర్లు పలికింది. దాని స్థానంలో కొత్తది బిగించారు. ఉల్లిపాయ చక్రాలు ఇప్పటికీ వేడివేడిగా ఇస్తున్నారు. తినేటప్పుడు మా మేనకోడలు నిశ్శబ్దంగా పక్క బల్ల వైపు చూసింది. తాతా మనవడూ ఒకే గ్లాసు ఐస్‌క్రీమ్‌ను రెండు చెంచాలతో తింటున్నారు. ఆ కొట్టు ఎనభై ఏళ్లు నిలబడింది వాళ్లలాంటి వాళ్ల వల్లే. సీరియల్ దాని కీర్తిని పెంచింది, అంతే.

అదే బ్లూమ్‌ఫీల్డ్ పట్టణ మండలి ఆ షూటింగ్‌కు మొదట అనుమతి నిరాకరించింది. ఇటాలియన్ అమెరికన్లను నేరస్తులుగా చూపించే కథకు మా ఊరు చోటివ్వడమేంటని సభ్యులు అభ్యంతరం చెప్పారు. తర్వాత మనసు మార్చుకుని ఒప్పుకున్నారు. అంతకుముందు 2000లో ఎసెక్స్ కౌంటీ కూడా తన స్థలాల్లో షూటింగ్ చేయనివ్వలేదు. మంచు అడవిలో ఇద్దరు దారి తప్పే, బాగా పేరున్న ఎపిసోడ్‌ను సౌత్ మౌంటెన్ రిజర్వేషన్‌లో తీయాలనుకున్నవాళ్లు చివరికి న్యూయార్క్ రాష్ట్రంలోని హారిమన్ పార్కుకు వెళ్లాల్సి వచ్చింది. సరిగ్గా ఆ సౌత్ మౌంటెన్ అడవిలోనే 1903లో ఎడిసన్ కంపెనీ ‘ది గ్రేట్ ట్రెయిన్ రాబరీ’ దృశ్యాలు తీసింది. రైలు దొంగల కథ. ప్రపంచ సినిమాకు అది మైలురాయి. అక్కడికి దగ్గర్లోని వెస్ట్ ఆరెంజ్‌లో 1893లోనే ఎడిసన్ ‘బ్లాక్ మరియా’ అనే తొలి సినిమా స్టూడియో కట్టాడు. హాలీవుడ్ ఎదగక ముందు అమెరికా సినిమాకు ఊరు హడ్సన్ ఒడ్డున ఉన్న ఫోర్ట్ లీ. మా ప్రాంతానికి కెమెరా కొత్త కాదు, నేరస్తుల కథలూ కొత్త కాదు.

అయినా ఆ అభ్యంతరాన్ని కొట్టిపారేయలేను. ఒక జాతి మొత్తాన్ని ఒకే బొమ్మలో చూడటం ఎక్కడికి దారితీస్తుందో మా జెర్సీ సిటీకి తెలుసు. 1987లో భారతీయులను ఊళ్లోంచి తరిమేస్తామంటూ ఒక ముఠా పత్రికకు ఉత్తరం రాసింది. అదే ఏడు పక్కనే ఉన్న హోబోకెన్‌లో ఒక భారతీయుణ్ణి కొట్టి చంపారు. బొట్టు పెట్టుకుని వీధిలో నడవడానికి ఆడవాళ్లు భయపడిన రోజులవి. కాబట్టి ఇటాలియన్ పెద్దల బాధ నాకు అర్థమవుతుంది. కానీ దానికి మందు కెమెరాను ఆపడం కాదు. కెమెరా చూపించని మిగతా మనుషుల కథ కూడా అదే గట్టి గొంతుతో చెప్పడం.

ఆ పని సీరియల్ కూడా ఒకచోట చేసింది. మొదటి ఎపిసోడ్‌లో టోనీ తన కూతుర్ని ఒక చర్చిలో కూర్చోబెట్టి, మీ ముత్తాత, ఆయన తమ్ముడు ఇటలీ నుంచి రాతిపనివాళ్లుగా వచ్చి దీన్ని కట్టిన కూలీల్లో ఉన్నారని చెబుతాడు. నమూనా గీసింది వాళ్లు కాదు, కట్టడం తెలిసినవాళ్లు మాత్రం వాళ్లేనన్నది ఆ మాటల సారం. నాకు మొత్తం సీరియల్లో విలువైన దృశ్యం అదే. నూవార్క్ ఫస్ట్ వార్డులో సెయింట్ లూసీ చర్చి చుట్టూ అలాంటి వేల కుటుంబాలు ఉండేవి. 1950లలో ప్రభుత్వం ఆ పేటలో చాలా భాగం నేలమట్టం చేసి కొలంబస్ హోమ్స్ అనే ఎత్తయిన ఇళ్ల సముదాయం కట్టింది. 1994లో దాన్నీ పేల్చి కూల్చారు. పేట చెదిరిన ఇటాలియన్లు బెల్‌విల్, బ్లూమ్‌ఫీల్డ్, నట్లీలకు, ఇంకొంత సంపాదించాక కాల్డ్‌వెల్ కొండలకు చేరారు. టైటిల్స్‌లో టోనీ కారు వెళ్లేది ఆ వరసలోనే.

మనవాళ్ల దారీ అలాంటిదే. 1965 వలస చట్టం తర్వాత డాక్టర్లు, ఇంజనీర్లు వచ్చారు. తొంభైలలో కంప్యూటర్ ఉద్యోగాలకు వచ్చినవాళ్లలో ఎందరో జర్నల్ స్క్వేర్ దగ్గర, ఎడిసన్‌లో కన్సల్టెన్సీ గెస్ట్ హౌస్ హాల్లో పరుపులు వేసుకుని పడుకున్నారు. పాత్ రైలెక్కి మన్‌హట్టన్ వెళ్లారు. నూవార్క్ అవెన్యూ కొట్లలో కందిపప్పు, ఆవకాయ కొనుక్కున్నారు. తర్వాత ఓక్ ట్రీ రోడ్డు చుట్టుపక్కల అపార్టుమెంట్లు, ఆ తర్వాత పిస్కాటవే, మన్రోలలో సొంతిళ్లు. 1998లో బ్రిడ్జ్‌వాటర్‌లో వేంకటేశ్వరస్వామి ఆలయం వెలిసింది. రాతిపని తెలిసిన ఇటాలియన్లు చర్చి కట్టినట్టే మనవాళ్లు గుడి కట్టుకున్నారు, అదీ మన శిల్పుల చేతిపనితోనే. మా మేనకోడలి తరం ఆ దారిలో ఇప్పుడు మొదటి మెట్టు మీద ఉంది.

అందుకే ఈ టూరు ఎవరైనా చెయ్యదగ్గదే అంటాను. సీరియల్ చూడనివాళ్లకు కూడా. ఒక పల్లెను, ఒక పేటను కెమెరా పట్టుకోవడం వల్ల ఎంత మేలు జరుగుతుందో కార్నీ కొట్టును చూస్తే తెలుస్తుంది. ఇటుకలు పోయినా 1999 నాటి కార్నీ అవెన్యూ, అక్కడి దుకాణాల బోర్డులు, జనం నడక ఆ ఎపిసోడ్లలో భద్రంగా ఉన్నాయి. ఫస్ట్ వార్డుకు ఆ అదృష్టం లేదు. పాత ఫొటోల్లో, ముసలివాళ్ల మాటల్లో వెతుక్కోవాలి.

నేను కోరేవి రెండు. కార్నీ, బ్లూమ్‌ఫీల్డ్, నూవార్క్, జెర్సీ సిటీ మునిసిపాలిటీలు బస్సు ఆగే చోట్ల ఒక్కో పలక పెట్టాలి. ఇక్కడ సీరియల్ తీశారని మాత్రమే కాదు, ఈ మిల్లులో ఎవరు పనిచేశారో, ఈ వంతెన కింద ఎవరు చనిపోయారో కూడా అందులో రాయాలి. రెండోది మన తెలుగువాళ్లకు. జెర్సీ సిటీ పబ్లిక్ లైబ్రరీలో న్యూజెర్సీ రూమ్ అని స్థానిక చరిత్ర విభాగం ఉంది. మీ దగ్గరున్న పాత ఫొటోలు, మొదటి కొట్టు రశీదులు, అద్దె ఇంటి కాగితాల నకళ్లు అలాంటి చోట్ల ఇవ్వండి. ఇక్కడ మొదట దిగిన తెలుగువాళ్లలో చాలామంది ఇప్పుడు డెబ్బైలు, ఎనభైల్లో ఉన్నారు. వచ్చే ఆదివారం వాళ్లింటికి వెళ్లి, ఫోనులో రికార్డింగ్ నొక్కి, మొదటి ఇల్లు ఏ వీధిలోనో అడగండి.