భవిష్యత్తుకు పంపిన పెట్టెలు: కాలపేటికను చరిత్ర ఆధారంగా చదవడం

గత భాగంలో మీరు చరిత్ర ఆధారాలను రెండు రకాలుగా చూశారు: ఎవరూ ఉద్దేశించకుండా మిగిలిపోయినవి, రాబోయే తరాలు చదవాలని కావాలనే వదిలివెళ్లినవి. పాడుబడ్డ ఊరి దిబ్బలో దొరికే కుండపెంకులు మొదటి రకం. రెండవ రకానికి చాలా స్పష్టమైన ఉదాహరణ టైమ్ క్యాప్సూల్, అంటే కాలపేటిక. ఈ భాగంలో దానిని పరిశీలిద్దాం.

మనుషులను, వస్తువులను కాలంలో వెనక్కూ ముందుకూ చేరవేసే యంత్రం కథలలోనే ఉంది. హెచ్.జి. వెల్స్ 1895లో ప్రచురించిన నవలతో 'టైమ్ మెషీన్' అన్న మాట వ్యాప్తిలోకి వచ్చింది. తెలుగువారిలో చాలామందికి దానిని పరిచయం చేసింది 1991 నాటి 'ఆదిత్య 369' చిత్రం. అందులో యంత్రం ఎక్కినవారు శ్రీకృష్ణదేవరాయల కాలానికి వెళ్తారు. కథలోని యంత్రం రెండు వైపులా నడుస్తుంది. వాస్తవంలో మనకున్నది ఒక వైపు దారి మాత్రమే: పాతిపెట్టడం, ఎవరో ఒకరు తవ్వుతారని నమ్మడం.

ఈ నమ్మకం చాలా పాతది. మెసొపొటేమియా రాజులు ఆలయాల పునాదులలో తమ పేరున్న శాసనాలను పాతించేవారు. ఎప్పుడో ఆ గుడి శిథిలమైతే, దానిని బాగుచేయించే భావి రాజు చదవాలని వాటిని ఉద్దేశించారు. క్రీ.పూ. 6వ శతాబ్దిలో బాబిలోనియా చివరి రాజు నబోనిడస్ సిప్పర్ నగరంలోని సూర్యదేవుని ఆలయాన్ని తవ్వించగా, అక్కాద్ రాజు నరామ్-సిన్ వేయించిన పునాది బయటపడింది. 3200 సంవత్సరాలుగా ఏ రాజూ దానిని చూడలేదని నబోనిడస్ తన శాసనంలో రాయించాడు. నిజానికి వారిద్దరి మధ్య గడిచింది సుమారు 1700 సంవత్సరాలు. పైగా సార్గాన్ మనవడైన నరామ్-సిన్‌ను అతని కొడుకుగా పేర్కొన్నాడు. పేరు చేరింది, కాలమూ బంధుత్వమూ మాత్రం దారిలో చెదిరిపోయాయి.

మన ప్రాంతంలో ఇలాంటి ప్రయత్నాన్ని తామ్రశాసనాలలో చూడవచ్చు. వేంగీ చాళుక్యుల రాగిరేకులను తీసుకోండి. రేకులకు రంధ్రం చేసి, ఒక కడియానికి గుచ్చి, దానిపై రాజముద్ర వేసేవారు. ఇలాంటి రేకులు పొలం దున్నుతున్నప్పుడో, ఇంటికి పునాది తీస్తున్నప్పుడో బయటపడిన సందర్భాలు అనేకం. దానం ఆచంద్రార్కం, అంటే సూర్యచంద్రులున్నంత కాలం, సాగాలన్నది దాత కోరిక. అందుకే దానశాసనాల చివర తరచుగా ఒక శాపం కనిపిస్తుంది: దానమిచ్చిన భూమిని లాక్కున్నవాడు అరవై వేల సంవత్సరాలు మలంలో పురుగై పుడతాడని. ఇక్కడ ఒక్క క్షణం ఆగి ఆలోచించండి. లాక్కునేవారే లేకపోతే, వంశాలు మారినా శతాబ్దాల తరబడి అదే శాపాన్ని చెక్కించవలసిన అవసరం ఏమిటి? శాసనం చెప్పదలచుకున్నది రాజు ఔదార్యం గురించి. ఆ ఔదార్యం ఎంతకాలం నిలుస్తుందో అన్న అనుమానం కూడా అందులోనే ఉంది. ఇది రుజువు కాదు, కాని గట్టి సూచన.

'టైమ్ క్యాప్సూల్' అన్న పేరు మాత్రం ఆధునికమైనది, వ్యాపార ప్రచారంలో పుట్టినది. 1939 న్యూయార్క్ ప్రపంచ ప్రదర్శన కోసం వెస్టింగ్‌హౌస్ విద్యుత్ సంస్థ ఏడున్నర అడుగుల పొడవైన ఒక లోహపు గొట్టాన్ని తయారుచేయించింది. 1938 సెప్టెంబరు 23న దానిని 50 అడుగుల లోతుకు దించారు. తెరవవలసినది క్రీ.శ. 6939లో. అలారం గడియారం, డబ్బా మూత తీసే పరికరం, పళ్ల బ్రష్షు, ఆడవారి టోపీ, విత్తనాలు, వాటితో పాటు కోటికి పైగా పదాలున్న మైక్రోఫిల్మ్ అందులో ఉన్నాయి. ఫిల్మ్ చదవడానికి చిన్న సూక్ష్మదర్శినిని కూడా పెట్టారు. వస్తువులలో చాలా వరకు అంగడిలో అమ్మే సరుకే. ఆర్థిక మాంద్యం ఇంకా వదలని దేశం తన ముఖాన్ని ఇలా అలంకరించుకుంది. అయితే అదే గొట్టంలో ఐన్‌స్టీన్ లేఖ ఉంది. వేర్వేరు దేశాల ప్రజలు ఒకరినొకరు చంపుకుంటున్నారని, అందువల్ల అందరూ రేపటి గురించి భయపడుతూ బతుకుతున్నారని ఆయన అందులో రాశారు. వారం తరువాత మ్యూనిక్ ఒప్పందం జరిగింది.

నిర్వాహకుల మరో ఏర్పాటు నాకు గొట్టం కంటే ముఖ్యమనిపిస్తుంది. గొట్టం ఉన్న చోటు, దానిని వెతికే పద్ధతి, ఇంగ్లీషు భాషను తిరిగి నేర్చుకునే మార్గం వివరిస్తూ ఒక పుస్తకం ముద్రించి, మూడు వేలకు పైగా ప్రతులను గ్రంథాలయాలకు, మ్యూజియంలకు, మఠాలకు పంపారు. భాషలు మారినప్పుడల్లా దానిని అనువదించుకోమని కోరారు. లోహం అయిదు వేల సంవత్సరాలు నిలిచినా, ఆ పుస్తకాన్ని తరతరాలుగా కాపాడే మనుషులు లేకపోతే గొట్టం చేరదని వారికి తెలుసు.

ఇక మన దేశానికి వద్దాం. స్వాతంత్ర్యానికి పాతికేళ్లు నిండిన సందర్భాన్ని పురస్కరించుకొని, 1973 ఆగస్టు 15న ఇందిరాగాంధీ ప్రభుత్వం ఢిల్లీ ఎర్రకోట ప్రాంగణంలో 'కాలపాత్ర' పేరుతో ఒక పేటికను పాతింది. అందులో స్వాతంత్ర్యానంతర భారత చరిత్రను చెప్పే రాతప్రతి ఉంది. ఆ చరిత్రలో ఎవరికి ఎంత చోటు దక్కిందన్న దానిపై వివాదం చెలరేగింది. ఒక కుటుంబాన్ని పొగడడానికే దీనిని పాతారని ప్రతిపక్షాలు విమర్శించాయి. 1977 ఎన్నికలలో అధికారానికి వచ్చిన జనతా ప్రభుత్వం ఆ ఏడాది డిసెంబరులోనే పేటికను తవ్వి తీయించింది. సుదూర తరాల కోసం పాతిన చరిత్ర భూమిలో ఉన్నది నాలుగేళ్ల పైచిలుకు మాత్రమే.

మీరు చరిత్ర విద్యార్థిగా ఈ సంఘటనను రెండు తేదీల ఆధారంగా చదవాలి. 1973 నాటి రాతప్రతి ఆనాటి పాలకులు ఎలా గుర్తుండాలనుకున్నారో చెబుతుంది. 1977 నాటి తవ్వకం, నేలలో ఉన్న కాగితం కూడా అధికారానికి ఎంత పట్టింపుగా ఉంటుందో చెబుతుంది.

అభ్యాసం: మీ ఊరి పాఠశాల, పంచాయతీ కార్యాలయం లేదా నీటి ట్యాంకు దగ్గరున్న శంకుస్థాపన ఫలకాన్ని చదివి, పేర్లను వరుస క్రమంలో రాసుకోండి. తరువాత ఆ కట్టడానికి ఇటుక మోసినవారిలో, స్థలం ఇచ్చినవారిలో ఎవరైనా ఆ జాబితాలో ఉన్నారేమో ఊళ్లోని పెద్దవారిని అడిగి తెలుసుకొని, రెండు పుటలకు మించకుండా వ్యాసం రాయండి.