టోనీ గాట్లిఫ్ చిత్రాల్లో సంగీతం: కథ నడిపిన పాట

టోనీ గాట్లిఫ్ 1948 సెప్టెంబరు 10న అల్జీర్స్‌లో పుట్టారు. అసలు పేరు మిషెల్ దహ్మానీ. తండ్రి కబైల్ తెగవారు, తల్లి రోమా (జిప్సీ). అల్జీరియా స్వాతంత్ర్య యుద్ధం ఇంకా ముగియక ముందే, 1960లో ఫ్రాన్స్ చేరారు. అక్కడ కొన్నాళ్లు వీధుల్లో, కొన్నాళ్లు బాలల సంస్కరణ గృహంలో గడిచాయి. 1966లో ఒక నాటకం చూసి, అందులో నటించిన మిషెల్ సిమోన్‌ను గ్రీన్‌రూములో కలుసుకున్నారు. సిమోన్ రాసిచ్చిన సిఫారసు ఉత్తరం ఆయనకు నటనలోకి దారి చూపింది.

దర్శకుడిగా తొలి చిత్రం 1975లో వచ్చింది. అల్జీరియా యుద్ధంపైనా ఒక చిత్రం తీశారు. అయితే ఆయన తన సొంత విషయాన్ని అందుకున్నది 1983 నాటి ‘లే ప్రాన్స్’తోనే అనాలి. పారిస్ శివారు ఇళ్లలో బతికే రోమాల కథ అది. రోమాల గురించి సినిమాలు అంతకు ముందూ ఉన్నాయి, కానీ వాటిలో వారు ఎక్కువగా అలంకారమో అనుమానితులో. మన ‘దేశదిమ్మరి’ అన్న మాటలోనూ ఆ చిన్నచూపు లేకపోలేదు.

1993లో వచ్చిన ‘లాచో డ్రోమ్’ ఆయన కృషిలో కీలకమైనది. రోమా భాషలో ఆ పేరుకు క్షేమంగా వెళ్లిరండి అని అర్థం. థార్ ఎడారిలో బయల్దేరిన పాట ఈజిప్టు, టర్కీ, రొమేనియా, హంగరీ, స్లొవాకియా, ఫ్రాన్స్ మీదుగా స్పెయిన్ చేరుతుంది. వ్యాఖ్యానం లేదు, సంభాషణలు దాదాపు లేవు. రోమాల మూలాలు భారతదేశంలో ఉన్నాయని భాషాశాస్త్రం చెప్పే మాటను ఈ చిత్రం చెవికి వినిపిస్తుంది. రొమేనియా ఘట్టంలో ఒక ముసలి వాయులీన విద్వాంసుడు తీగకు గుర్రపు వెంట్రుక కట్టి, కమాను పక్కనపెట్టి, ఆ వెంట్రుకను వేళ్లతో లాగుతూ నాదం పుట్టిస్తాడు. ఆ గరగరలోనే నియంత చౌషెస్కూ పతనాన్ని పాడతాడు. చరిత్ర పాఠం అంతా అక్కడ ఒక్క తీగ మీద నడుస్తుంది. ఈ చిత్రానికి కాన్ ఉత్సవంలో ‘అన్ సర్టెన్ రిగార్డ్’ విభాగంలో బహుమతి దక్కింది.

‘గాడ్జో డీలో’ (1997)లో ప్రశ్న మారింది. రోమాన్ డ్యూరిస్ పోషించిన పారిస్ యువకుడు తండ్రి ఇష్టపడిన గాయని గొంతు ఉన్న క్యాసెట్ పట్టుకుని రొమేనియా పల్లెకు వస్తాడు. ఊరూరా తిరిగి పాటలు రికార్డు చేస్తాడు. చివరికి, ఆ పాటలు పాడిన మనుషుల మీద దాడి జరిగాక, టేపులన్నీ పగలగొట్టి పాతిపెట్టి ఆ మట్టి మీద నాట్యం చేస్తాడు. పాటను సేకరించినంత మాత్రాన అది మనదవుతుందా? జానపద గేయాల సేకరణలో తిరిగిన వారెవరికైనా ఈ దృశ్యం గుచ్చుకుంటుంది.

‘నేపథ్య సంగీతం’ అన్న మాట గాట్లిఫ్‌కు ఇమడదు. పాట ఆయన చిత్రాల్లో వెనక ఉండదు, వాయించే చేతులు తెర మీదే కనిపిస్తాయి. ‘వెంగో’ (2000)లో ఫ్లమెంకో నర్తకుడు ఆంటోనియో కనాలెస్‌నే కథానాయకుణ్ని చేశారు. ‘స్వింగ్’ (2002)లో గిటార్ విద్వాంసుడు చావోలో ష్మిత్ నటించారు. ‘ఎగ్జిల్స్’ (2004)లో పారిస్ నుంచి అల్జీర్స్‌కు తిరుగుదారి పట్టిన జంట కథ, పూనకం తెప్పించే ఒక సుదీర్ఘ సంగీత క్రతువులో పరాకాష్ఠకు చేరుతుంది. ఈ చిత్రం నుంచి డెల్ఫిన్ మాంటూలె సంగీతంలో ఆయనకు తోడయ్యారు.

నాజీ ఆక్రమణ కాలంలో ఫ్రాన్స్ రోమాలు పడిన బాధలపై ‘లిబెర్తే’ (2009), గ్రీకుల రెబెటికో పాటలపై ‘జామ్’ (2017) తర్వాత వచ్చాయి. 1989 నాటి ‘ప్లూర్ పా మై లవ్’, 1990 నాటి ‘గస్పార్ ఎ రోబిన్సన్’ వంటి చిత్రాలకు మాత్రం ఆ బిగువు లేదు. పాట పక్కకు జరిగిన చోట గాట్లిఫ్ చిత్రం సాధారణమైపోతుంది.

‘ఎగ్జిల్స్’కు కాన్‌లో ఉత్తమ దర్శకుడి బహుమతి వచ్చింది. ఫ్రాన్స్ ఇచ్చే సీజర్ పురస్కారాలు మాత్రం ఆయనకు రెండుసార్లూ, ‘గాడ్జో డీలో’కూ ‘వెంగో’కూ, సంగీతానికే దక్కాయి.