కెమెరా కంటే ముందు చెవి: అలానిస్ ఒబొమ్సావిన్

మన చరిత్రను ఇతరులు రాస్తే ఏమవుతుందో కెనడా ఆదివాసీ దర్శకురాలు అలానిస్ ఒబొమ్సావిన్‌కు చిన్ననాడే తెలిసింది. ఆమెది అబెనకి తెగ. 1932లో పుట్టారు. క్యూబెక్ రాష్ట్రంలోని ఒడనాక్‌లో తమవాళ్ళ మధ్య పాటలు, కథలు వింటూ పెరిగారు. తొమ్మిదేళ్ళప్పుడు కుటుంబం పట్నానికి వెళ్ళింది. అక్కడి చరిత్ర పుస్తకంలో ఆదివాసులంటే క్రూరులు అని ఉండేది. ఆ పాఠం చెప్పిన రోజు తోటిపిల్లలు ఆమెను కొట్టేవారు.

పెద్దయ్యాక గాయని అయ్యారు. ఒడనాక్ పిల్లలను పక్క ఊరి ఈతకొలనులోకి రానివ్వకపోతే, సొంత కొలను కోసం పాటలు పాడి డబ్బు కూడబెట్టారు. ఆ పట్టుదల చూసి 1967లో ప్రభుత్వ సంస్థ నేషనల్ ఫిల్మ్ బోర్డు ఆమెను సలహాదారుగా పిలిచింది.

తొలి చిత్రం 1971లో వచ్చిన 'క్రిస్మస్ ఎట్ మూస్ ఫ్యాక్టరీ'. మూస్ ఫ్యాక్టరీ ఒక ఊరి పేరు. అక్కడి రెసిడెన్షియల్ స్కూల్లోని క్రీ తెగ పిల్లలు గీసిన బొమ్మలు, వాళ్ళు చెప్పిన మాటలే ఆ సినిమా. ఆదివాసీ పిల్లలను తల్లిదండ్రులకు, మాతృభాషకు దూరం చేసిన బడులవి. అలాంటి చోట పిల్లల గొంతు వినడమే పెద్ద పని.

1981లో పోలీసులు మిక్మాక్ తెగవారి సాల్మన్ చేపల వలలపై దాడి చేశారు. దానిపై సినిమా తీసేటప్పుడు, ఆదివాసులతోనే మాట్లాడు, తెల్లవాళ్ళ జోలికి వెళ్ళకు అని సంస్థలో చెప్పారు. ఆమె ఒప్పుకోలేదు. దాడికి కారకుడైన మంత్రినే కెమెరా ముందు నిలదీశారు. 1984లో ఆ చిత్రం విడుదలైంది.

1986లో రిచర్డ్ కార్డినల్ అనే మెటీ కుర్రాడి డైరీ ఆధారంగా మరో చిత్రం తీశారు. నాలుగేళ్ళకే ఇంటి నుంచి తీసుకెళ్ళి, 28 చోట్లకు మార్చారు. 17 ఏళ్ళకే ప్రాణం తీసుకున్నాడు. హాస్టల్ పిల్లలను చూసుకునే నాలాంటివాళ్ళకు ఆ సినిమా ఒక పాఠం. అన్నం, పక్క ఉంటే చాలదు. పిల్లవాడి మాట వినే మనిషి కావాలి.

1990లో గోల్ఫ్ మైదానం పెంచడం కోసం మొహాక్ తెగవారి శ్మశానం ఉన్న దేవదారు వనంపై కన్నేశారు. 78 రోజులు ప్రతిఘటన సాగింది. సైన్యం చుట్టుముట్టినా అలానిస్ మొహాక్‌ల మధ్యే ఉండి చిత్రీకరించారు. 1993లో వచ్చిన ఆ చిత్రం టొరంటో ఉత్సవంలో ఉత్తమ కెనడా చిత్రంగా నిలిచింది. ఆమె తీసినవి 50కి పైనే.

ఆమె పద్ధతి మనం నేర్చుకోదగ్గది. ముందు కెమెరా లేకుండా మనిషి దగ్గర కూర్చుని గొంతు మాత్రమే రికార్డు చేస్తారు. తర్వాతే చిత్రీకరణ.

తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ! పండుగలో డాన్సు వీడియో తీయండి, సంతోషం. ఆ పాట తెలిసిన అవ్వ దగ్గర కూడా కూర్చోండి. అనుమతి అడిగి, మన భాషలోనే ఆమె గొంతు రికార్డు చేయండి. పేరు, ఊరు, తేదీ రాసిపెట్టండి. రేపు మన పిల్లలు చదివే చరిత్ర అక్కడి నుంచి రావాలి.